సుల్తాన్ చిరుతకూనా, గల్లీ పిల్లా?

ప్రశ్న: డాక్టర్ గారికి నమస్కారం. మాది దేవరకొండ. మా మరిది హైదరాబాద్‌లో ఉద్యోగం చేస్తాడు. దసరాకు వస్తూ ఒక పిల్లిపిల్లను తెచ్చాడు. బెంగాల్ జాతి అట. ఫోన్‌లో ఫొటోలు చూసి 28 వేలకు కొన్నాడు. సుల్తాన్ అని పేరు పెట్టాడు. ఐదు వారాలప్పుడు అమ్మినతను పంపిన ఫొటోలో ఒంటి మీద మచ్చలు అద్దినట్టు కనిపించాయి. ఇప్పుడు తొమ్మిది వారాలు దాటాయి. బూడిదలో పొర్లి వచ్చినట్టు ఒళ్లంతా మసకగా ఉంది. పక్కింటివాళ్లు "గల్లీ పిల్లికి 28 వేలా" అని నవ్వుతుంటే మరిది ముఖం మాడ్చుకుని తిరుగుతున్నాడు. మా అత్తమ్మేమో "గిది పిల్లి గాదు బిడ్డా, చిర్తపులి కూన. పెద్దగైతే పిలగాన్ని నోట కర్సుకపోతది" అని మూడేళ్ల నా కొడుకును దాని దగ్గరికి పోనివ్వడం లేదు. ఫారెస్టువాళ్లు కేసు పెడతారని ఇంకెవరో టెన్షన్ పెట్టారు. ఇది నిజంగా బెంగాలేనా? ఎంత పెద్దదవుతుంది? అమ్మినతను సవానా అనే ఇంకో రకం కూడా ఉంది, లక్షన్నరకు ఇస్తానని రోజూ మెసేజ్‌లు పెడుతున్నాడు. నాలుగు ఫొటోలు పంపుతున్నాను.
ఒక పాఠకురాలు, దేవరకొండ

జవాబు: అమ్మా, మీ ఉత్తరం, ఫొటోలు అందాయి. ముందు మీ అత్తమ్మ గారి సంగతి చూద్దాం. పక్కింటివాళ్ల నవ్వు, మరిది అలక రెండు రోజులు ఆగినా ఫర్వాలేదు. చిన్నపిల్లాడున్న ఇంట్లో పెద్దావిడ భయం మాత్రం ఆగకూడదు. ఆ భయం ఊరికే పుట్టింది కాదు కూడా. మీ దగ్గర్నుంచి డిండి దాటి ఇంకాస్త పోతే నల్లమలే. అమ్రాబాద్ టైగర్ రిజర్వ్ అటు నాగర్‌కర్నూల్, ఇటు నల్గొండ, రెండు జిల్లాల్లోనూ ఉంది. పాలమూరు గుట్టల్లో చిరుతలు తిరగడం, రాత్రిపూట మేకల మీద పడటం మనకు కొత్త కాదు. ఇలాంటి చోట పుట్టి పెరిగిన మనిషి మచ్చల కూనను చూసి ఉలిక్కిపడకపోతేనే వింత.

అయినా ఇది చిరుత కాదు. మీ రెండో ఫొటో కిటికీ పక్కన ఎండలో తీశారు. అందులో దాని నల్లగుడ్డు సన్నగా, నిలువు గీతలా ఉంది. చిరుతకు ఎండలో నల్లగుడ్డు చిన్నదవుతుంది గానీ గుండ్రంగానే ఉంటుంది. మధ్యాహ్నం పూట పిల్లను వాకిట్లోకి తెచ్చి అత్తమ్మ గారికి ఆ కళ్లు చూపించండి. తర్వాత చీకటి గదిలోకి తీసుకుపోయి మళ్లీ చూపించండి. గీత కాస్తా గోళీ అవుతుంది. ఊళ్లో ఏ పిల్లిని పట్టుకున్నా ఇదే ఆట. ఇక పంజా. చిరుతకూనకు ఒంటికి మించిన పంజాలు, మోకులాంటి తోక ఉంటాయి. మీ మూడో ఫొటోలో దాని కాలి పక్కన రూపాయి బిళ్ల పెట్టారు చూడండి, మంచి పని చేశారు. పంజా ఆ బిళ్లంత కూడా లేదు.

ఎంత పెద్దదవుతుందని అడిగారు. నిఖార్సయిన బెంగాల్ అయినా మగది నాలుగున్నర కిలోల నుంచి ఏడు కిలోల దాకా, ఆడది మూడున్నర నుంచి ఐదున్నర కిలోల దాకా తూగుతుంది. ఎదిగిన మగ చిరుత 50 కిలోల పైమాట. మీ అబ్బాయిని నోట కరుచుకుపోవడం కాదు గదా, వాడే దీన్ని చంకన వేసుకుని తిరుగుతాడు. జాగ్రత్త చెప్పాల్సింది వాడికి, తోక పట్టి గుంజొద్దని.

పెద్దవాళ్లు పొరబడటంలో తప్పులేదని ఎందుకంటున్నానంటే, నేను అచ్చంపేట వైపు పనిచేసిన రోజుల్లో ఒక రైతు తువ్వాలలో రెండు కూనలను చుట్టుకుని ఆసుపత్రికి వచ్చాడు. కంది కోస్తుంటే చేలో దొరికాయట. "చిర్తపులి పిల్లలు సార్, తల్లి వస్తే మమ్మల్ని బతకనియ్యదు" అని మనిషి వణుకుతున్నాడు. విప్పి చూస్తే అడవిపిల్లి కూనలు. ఇసుక రంగు ఒళ్లు, దాని మీద సన్నటి నల్ల చారలు, నిక్కబొడుచుకున్న చెవుల కొసన చిన్న వెంట్రుకల కుచ్చు. వాటిని మళ్లీ ఆ చేలోనే, దొరికిన చోటే పెట్టించి, ఆ మూల కోత ఆపించాం. తెల్లారేసరికి తల్లి మోసుకుపోయింది.

ఇక్కడ ఒక తమాషా ఉంది. అడవిపిల్లి కూనకు పుట్టుకతో చారలు, చుక్కలు ఉంటాయి. పెద్దయ్యేకొద్దీ ఒంటి మీదవన్నీ మాయమై, కాళ్ల మీద, తోక మీద మాత్రమే పట్టీలు మిగులుతాయి. బెంగాల్ పిల్ల కథ దీనికి తలకిందులు. మచ్చలతో పుడుతుంది, మధ్యలో మసకబారుతుంది, ఆ తర్వాత ముందుకన్నా ముదురుగా తేలుతుంది. మీ మరిది పిల్ల ఇప్పుడు ఆ మసక వయసులోనే ఉంది.

దీన్ని పెంపకందారులు ఫజ్జీ దశ అంటారు. నాలుగైదు వారాల వయసులో అసలు బొచ్చు మీద పొడుగాటి, పాలిపోయిన వెంట్రుకలు లేస్తాయి. మచ్చలు వాటి కింద దాక్కుంటాయి. అడవిలో గూడు వదిలి తిరగడం మొదలుపెట్టిన కూనకు ఈ మసకే రక్ష అని చెబుతారు. మూడు నాలుగు నెలలకు అది వదలడం మొదలవుతుంది, మచ్చ పూర్తిగా తేటపడటానికి ఎనిమిది నెలల నుంచి ఏడాది పడుతుంది. కాబట్టి "మచ్చలు పోయాయి, మోసం" అనడానికి లేదు. అలాగని "మసక వచ్చింది గనక అసలు బెంగాలే" అనడానికీ లేదు, ఎందుకంటే మన ఊరి పిల్లుల కూనలు కూడా ఆ వయసులో కొంత బొచ్చుబొచ్చుగా, వెలిసిపోయినట్టే ఉంటాయి. ఆ ఒక్కటి పక్కన పెట్టి మిగతా గుర్తులు చూడాలి.

ఆ గుర్తులు అర్థం కావాలంటే ఈ జాతి ఎట్లా పుట్టిందో తెలియాలి. బెంగాల్ అనగానే కోల్‌కతా నుంచి వచ్చిందనుకుంటారు. పుట్టింది అమెరికాలో. ఆసియా అడవుల్లో ఇంటిపిల్లి అంతే ఉండే మచ్చల అడవిపిల్లి ఒకటుంది, ఇంగ్లిష్‌లో లెపర్డ్ క్యాట్ అంటారు. 1792లో రాబర్ట్ కెర్ అనే ఆయన బెంగాల్ ప్రాంతపు పిల్లిగా దాన్ని వర్ణిస్తూ దాని శాస్త్రీయ నామంలో బెంగాలెన్సిస్ అని చేర్చాడు. ఆ మాటే ఈ జాతికి పేరైంది. అంటే దీని తాత చిరుత కాదు, చిరుత వేషం వేసుకున్న పిల్లి. ఈ ముక్క అత్తమ్మ గారికి తప్పకుండా చెప్పండి.

అమెరికాలో జీన్ మిల్ అనే ఆవిడ 1963లో మొదటిసారి ఆ అడవిపిల్లితో ఇంటిపిల్లిని కలిపింది. మధ్యలో పని ఆగింది. తర్వాత లోమా లిండా యూనివర్సిటీలో పిల్లులకు వచ్చే ల్యుకేమియా మీద పరిశోధన చేస్తున్న డాక్టర్ విల్లర్డ్ సెంటర్‌వాల్ దగ్గర పుట్టిన సంకరజాతి పిల్లులు ఆమె చేతికొచ్చాయి. మచ్చలు బాగున్నాయి గానీ జోడీకి తగిన పిల్లి దొరకలేదు. సంకరంలో మొదటి తరాల మగపిల్లులకు సంతానం కలగదు, బయటి నుంచి మగదాన్ని తేవాల్సిందే. 1982లో ఆమె ఇండియా వచ్చినప్పుడు ఢిల్లీ జూలో ఖడ్గమృగాల ఆవరణలో తిరిగే ఒక వీధిపిల్లిని అక్కడివాళ్లు చూపించారు. కాషాయానికి దగ్గరగా ఉండే ఒళ్లు, దాని మీద ముదురు మచ్చలు. దాన్ని అమెరికా తీసుకుపోయింది. మిల్‌వుడ్ టోరీ ఆఫ్ డెల్హీ అని పేరు పెట్టింది. ఇవాళ బెంగాల్ బొచ్చు ఎండలో బంగారు పొడి చల్లినట్టు మెరుస్తుందని లక్షలు పోసి కొంటున్నారే, ఆ మెరుపు ఈ పిల్లి నుంచి వచ్చిందే. అడవి తాత ఇచ్చింది కాదు.

ఈసారి పక్కింటివాళ్లు గల్లీ పిల్లి అంటే మీ మరిదిని నవ్వమనండి.

1983లో టికా అనే అంతర్జాతీయ పిల్లుల సంఘం రిజిస్టర్‌లోకి బెంగాల్ ఎక్కింది, 1991లో పోటీలకు పూర్తి అర్హత వచ్చింది. ఇవాళ ఇళ్లలో పెరిగేవి అడవి తాతకు చాలా తరాలు దూరం. మొదటి తరాన్ని ఎఫ్ 1 అని, తర్వాతి వాటిని ఎఫ్ 2, ఎఫ్ 3 అని లెక్కపెడతారు. నాలుగో తరం నుంచే ఇంటిపిల్లి కింద జమ.

ఇక రూపం. మచ్చ గురించి చివర్లో చెబుతాను. అందరూ మోసపోయేది అక్కడే గనక ముందు ఒంటి తీరు చూడండి. బెంగాల్ పిల్లి కండ పట్టిన పొడుగాటి శరీరం. వెనక కాళ్లు ముందు కాళ్లకన్నా కాస్త ఎత్తు. నడిచేటప్పుడు పిరుదులు పైకి, తల కిందికి, ఏదో పొంచి పట్టబోతున్నట్టు ఉంటుంది. ఒంటితో పోలిస్తే తల చిన్నది, వెడల్పు కన్నా పొడవు ఎక్కువ. చెవులు పొట్టివి, కొసలు గుండ్రం. మన ఊరి పిల్లి చెవి నిటారుగా, మొన తేలి ఉంటుంది. ముక్కు వెడల్పు. మీసాలు మొలిచే చోటు రెండు వైపులా ఉబ్బి, బుగ్గలో లడ్డూ పెట్టుకున్నట్టు కనిపిస్తుంది. గోధుమ రంగు బెంగాల్‌కు కళ్ల చుట్టూ కాటుక గీత, ముక్కు మీద ఇటుక రంగు చుట్టూ నల్ల అంచు, కాళ్ల కింది మెత్తలు నలుపు. తోక మరీ పొడుగు కాదు, లావుగా ఉండి, చివర్లో మాత్రం కాస్త తగ్గి, కొస గుండ్రంగా, నల్లగా ముగుస్తుంది. ఎలుక తోకలా సన్నబడుతూ పోతే అనుమానించాల్సిందే.

బొచ్చు సంగతి రాసి చెప్పడం కష్టం, చేత్తో చూడాల్సింది. బీరువాలో గద్వాల చీర ఉందా? నేత చీర అయితే కళ్లు మూసుకుని ముందు చీర ఒంటి మీద చెయ్యి పెట్టండి, తర్వాత జారుస్తూ అంచు మీదికి రండి. నూలు నుంచి పట్టులోకి వచ్చిన ఆ క్షణం ఉంది చూడండి, మామూలు పిల్లి బొచ్చుకూ మంచి బెంగాల్ బొచ్చుకూ అంత తేడా. పొట్టి వెంట్రుక, దగ్గర దగ్గరగా, చర్మానికి అతుక్కుని ఉంటుంది. మెరుపు మాత్రం అన్ని బెంగాల్ పిల్లులకూ ఉండదు, లేనంతమాత్రాన నకిలీ అనుకోవద్దు.

ఇప్పుడు మచ్చ. దీనికి రెండు లెక్కలున్నాయి, దిశ ఒకటి, అంచు ఒకటి. మన చారల పిల్లికి వెన్ను నుంచి పొట్టకు చేప ముళ్లలా నిలువు గీతలు దిగుతాయి. ఆ గీతలు తెగితే చుక్కలవుతాయి, కానీ వరస నిలువుగానే ఉండిపోతుంది. దూరం నుంచి కళ్లు చికిలించి చూస్తే గీత మళ్లీ కలుస్తుంది. బెంగాల్‌లో మచ్చలు అడ్డంగా, భుజం నుంచి తోక వైపు పారుతున్నట్టు ఉండాలి, లేదంటే ఎక్కడివక్కడ చెదిరి ఉండాలి. నిలువు వరసను పోటీల్లో లోపం కింద రాస్తారు. మంచి బెంగాల్‌లో మచ్చ ఒకే రంగు ముద్ద కాదు. లోపల లేత గోధుమో ఇటుక రంగో, చుట్టూ ముదురు వలయం. దీన్ని రోజెట్ అంటారు. కొన్నింట్లో వలయం పూర్తిగా మూసుకుంటుంది, కొన్నింట్లో బాణం మొనలా, కొన్నింట్లో కుక్క అడుగులా ఉంటుంది. మచ్చలు కాకుండా పాలరాయి మీద సిరా ఒలికినట్టు మెలికలు తిరిగే రకం ఇంకోటుంది, మార్బుల్ అంటారు. అదీ బెంగాలే.

అంచు సంగతి నల్గొండ వాళ్లకు చెప్పడం తేలిక. పోచంపల్లి ఇక్కత్‌లో రంగు అంచు కొంచెం చెదిరి, నీళ్లలో కదిలినట్టు ఉంటుంది. దాని అందమే అది. బెంగాల్ మచ్చకు అదే లోపం. కత్తిరించి అతికించినట్టు ఉండాలి. పొట్ట కూడా తిప్పి చూడాలి. పొట్ట తెల్లగా ఉంటే విలువ ఎక్కువ, ఆ తెలుపు మీద కూడా మచ్చలు ఉండి తీరాలి. చెవుల వెనక బొటనవేలితో అద్దినట్టు తెల్ల చుక్క ఉండటం అడవి తాత గుర్తు, అది అరుదు.

రంగులు కూడా ఒక్కటి కాదు. గోధుమ రంగు ఎక్కువ. వెండి రంగుంది, బొగ్గు పూసినట్టు ముఖం నల్లబడే రకముంది. స్నో అనే తెల్లటి రకాలున్నాయి, వాటిలో ఒకదానికి నీలి కళ్లు. మీకు ఇవేవీ అక్కర్లేదు గనక వదిలేస్తున్నాను.

ఒక హెచ్చరిక మాత్రం. నుదుటి మీద నామాల్లాంటి గీతలు, ఇంగ్లిష్ ఎం అక్షరంలా ఉండేవి, చూపించి "ఇదిగో బెంగాల్ మార్కు" అని అమ్మేవాళ్లున్నారు. చారలున్న ప్రతి పిల్లికీ ఆ గీతలుంటాయి. మీ పక్కింటి పెంకుల మీద పడుకునే పిల్లికి కూడా.

ఇక మీ ఫొటోలు. మొదటిదాంట్లో పక్కటెముకల మీద మసకలోనే ఐదు గీతలు లెక్కపెట్టాను. ముక్కలు ముక్కలుగా తెగాయి, కానీ దిగడం నిలువుగానే దిగాయి. మసక మచ్చను దాస్తుంది గానీ దాని దిశను మార్చదు. చెవులు పొడవు, మొన తేలి ఉన్నాయి. తోక కొస నలుపే, కానీ సన్నబడుతూ పోయింది. మచ్చ లోపల రెండో రంగు ఎక్కడా కనిపించలేదు. పొట్ట మీద చుక్కలు బాగున్నాయి, చూడముచ్చటగా ఉన్నాయి, అయితే మన చుక్కల పిల్లులకూ అవి ఉంటాయి. ఇన్ని కలిపి చూస్తే ఇది మన నేల చుక్కల పిల్లి అనే నా అంచనా. ముత్తాతల్లో ఎక్కడో ఒక బెంగాల్ ఉంటే ఉండొచ్చు, ఫొటో చూసి అది చెప్పలేం. అసలు బెంగాల్ జంటకు కూడా అప్పుడప్పుడు నిలువు గీతల పిల్ల పుడుతుంది. కానీ అలాంటి పిల్లను నిజాయితీగల పెంపకందారు తక్కువ ధరకు, కాగితాలతో, లోపం చెప్పి ఇస్తాడు. ఐదు వారాల ఫొటో పంపి అడ్వాన్స్ అడగడు.

మన పిల్లులు పులిని చూసి వాతలు పెట్టుకున్న నక్కలు కావు. ఆ చుక్కలు వాటి సొంతం. నా ఇష్టం అడిగితే, ఎండాకాలం మధ్యాహ్నం నల్గొండ బస్టాండు గోడ నీడలో పడుకునే చుక్కల పిల్లులంత అందమైనవి నేను పోటీల ఫొటోల్లో చూడలేదు. డాక్టర్‌గా కాదు, మనిషిగా చెబుతున్న మాట.

అయితే అందం వేరే, 28 వేలు వేరే. జాతి పిల్లికి రుజువు చుక్క కాదు, కాగితం. తల్లిదండ్రులు, వాళ్ల తల్లిదండ్రులు రాసి ఉండే వంశపత్రం, గుర్తింపు ఉన్న సంఘం రిజిస్ట్రేషన్ నంబరు అడగమనండి. "నా దగ్గర కొన్నవాళ్లందరూ హ్యాపీ" అని పది రివ్యూలు చూపిస్తే, పిల్లికి ఎలుక సాక్ష్యం లాంటిదే. తల్లి పిల్లిని వీడియో కాల్‌లో చూపించమంటే సగం మంది అక్కడే ఫోన్ కట్ చేస్తారు. 2018 నాటి పెట్ షాప్ నిబంధనల ప్రకారం దుకాణానికి రాష్ట్ర జంతు సంక్షేమ బోర్డు రిజిస్ట్రేషన్ ఉండాలి. ఎనిమిది వారాలు నిండని పిల్లిపిల్లను అమ్మకూడదు. మీ మరిది డబ్బు పంపిన రసీదు, బెంగాల్ అని రాసిన చాట్, మొదట పంపిన ఫొటో, మూడూ దాచిపెట్టమనండి. ముందు మర్యాదగా కాగితాలు అడిగి, రాకపోతే డబ్బు వెనక్కి అడగాలి. దానికీ పలకకపోతే 1915కు ఫోన్ చేస్తే వినియోగదారుల హెల్ప్‌లైన్ వాళ్లు దారి చెబుతారు. కేసు వేయాల్సి వచ్చినా అమ్మినతని ఊరికి పోనక్కర్లేదు, కొన్నవాళ్లు ఉండే జిల్లా వినియోగదారుల కమిషన్‌లోనే వేయొచ్చు. 5 లక్షల లోపు కొనుగోలుకు ఫీజు కూడా లేదు. మీ మరిది ఏ ఊళ్లో ఉంటున్నట్టు కాగితాలుంటే ఆ ఊరి కమిషన్.

డబ్బు తిరిగిస్తాను, పిల్లను తెచ్చివ్వు అంటాడేమో. అప్పుడేం చేయాలో మీరు ముందే ఇంట్లో మాట్లాడుకోండి. మూడో ఫొటోలో రూపాయి బిళ్ల పట్టుకున్న చిన్న చెయ్యి మీ అబ్బాయిదే అనుకుంటాను. అత్తమ్మ గారు పోనివ్వడం లేదన్నారు గానీ, వాడు పోతూనే ఉన్నాడు.

సవానా విషయంలో ఒకటే మాట, వద్దు. ఆఫ్రికాలో సర్వల్ అని పొడుగు కాళ్ల అడవిపిల్లి ఉంది. 1986 ఏప్రిల్‌లో అమెరికాలో జూడీ ఫ్రాంక్ అనే ఆవిడ ఇంట్లో, సర్వల్‌కూ సయామీ పిల్లికీ మొదటి పిల్ల పుట్టింది. 2001లో టికా రిజిస్టర్‌లోకి వచ్చింది. చూడగానే తెలుస్తుంది. కాళ్లు, మెడ పొడుగు, తల చిన్నది, చెవులు తల మీద రెండు దొప్పలు బోర్లించినట్టు పెద్దవి, వాటి వెనక తెల్ల చుక్క. ముక్కు పక్క నుంచి చీతాకు ఉన్నట్టు నల్లటి కన్నీటి చార. తోక పొట్టి, దాని మీద నల్ల కడియాలు. మచ్చలు రోజెట్లు కావు, నిండు నల్ల చుక్కలు. తొలి తరాలవి బాగా పెద్దగా పెరిగి, తలుపు గడియలు కూడా తీసేస్తాయి, అపార్ట్‌మెంట్‌లో పెంచేవి కావు. అక్కడి అడవి జంతువులకు, పక్షులకు ప్రమాదమని ఆస్ట్రేలియా 2008లోనే వాటి దిగుమతి ఆపేసింది. 28 వేల పిల్లకు కాగితం ఇవ్వనివాడు లక్షన్నర పిల్లకు ఏమిస్తాడు? రేపు ఇంకొకడు మన అడవిపిల్లి రక్తం ఉన్న చౌసీ అని మొదలుపెడతాడు. అది ఇసుక రంగు, లేదంటే నిండు నలుపు, లేదంటే నెరిసినట్టుండే నలుపు. ఒంటి మీద మచ్చలే ఉండవు. ఆ పేరుతో చేలో దొరికిన కూనను అంటగట్టేవాళ్లు పుట్టుకొస్తారేమోనని నా భయం.

ఫారెస్టువాళ్ల భయం ఎంతవరకంటే, అంతవరకే. ఇంటిపిల్లికి ఫారెస్టువాళ్ల అనుమతి అక్కర్లేదు. అడవి నుంచి పట్టుకొచ్చిన ఏ పిల్లినైనా, అది లెపర్డ్ క్యాట్ గానీ చేలో దొరికిన అడవిపిల్లి కూన గానీ, ఇంట్లో పెట్టుకుంటే 1972 వన్యప్రాణి సంరక్షణ చట్టం కింద నేరం. అడవి తాతకు నాలుగు తరాల లోపు ఉన్న సంకరజాతి పిల్లులకు అంతర్జాతీయ వన్యప్రాణి వాణిజ్య నిబంధనలు వర్తిస్తాయి, అందుకే ఎఫ్ 1, ఎఫ్ 2 అని గొప్పగా చెప్పి అమ్మేవాళ్ల జోలికి అసలు పోవద్దు. మీ పిల్లకు ఇవేవీ అంటవు. మిద్దె మీద తిరుగుతుంటే చూసి ఎవరైనా చిరుత అని వీడియో తీసి గ్రూపులో పెడతారేమో, మెడకు ఎర్ర పట్టీ ఒకటి కట్టండి. గుంజితే ఊడొచ్చే రకం తీసుకోండి, కొమ్మకు తగులుకున్నా ఉరి పడదు.

తొమ్మిది వారాలంటే టీకాల వేళ. పిల్లులకు వచ్చే మూడు జబ్బులకు కలిపి ఇచ్చే టీకా ఇప్పుడు మొదలుపెట్టి, మూడు నాలుగు వారాలకొకటి చొప్పున పదహారు వారాల దాకా వేయించాలి. పన్నెండు వారాలకు రేబిస్. నులిపురుగుల మందు ఈ వారమే. దేవరకొండలో పిల్లుల టీకా లేదంటే నల్గొండలో ముందు ఫోన్ చేసి అడిగి వెళ్లండి, ఊరికే బస్సు ఛార్జీలు దండగ కాకుండా. పాలు పోస్తున్నారేమో, మానేయండి. విరేచనాలవుతాయి.

నాలుగో ఫొటో సంగతి చెప్పడం మరిచాను. వెనక నుంచి, తోక ఎత్తినప్పుడు తీశారు. మగకూనకైతే మలద్వారానికీ కింది రంధ్రానికీ మధ్య దూరం ఉండి, రెండు చుక్కల్లా కనిపిస్తాయి. ఇక్కడ రెండూ దగ్గర దగ్గరగా ఉన్నాయి, కిందిది నిలువు చీలికలా ఉంది. కాబట్టి టీకాల కార్డులో ఆడ అని రాయించండి, ఆరు నెలలు దాటకముందే పిల్లలు పుట్టకుండా ఆపరేషన్ చేయించండి. సుల్తాన్‌ను సుల్తానా చేయాలా వద్దా అన్నది మీ మరిది ఇష్టం.